దూరం జరిగితే పెరిగే సెగ

రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయంటారు. ఆ రోజుల్లో హైదరాబాద్ ఎండ నలభై రెండు డిగ్రీలు దాటితే అదే పెద్ద వార్త. ఆ ఎండను పంపే సూర్యుడి వేడి ఎంత అని అడిగితే మాత్రం ఒక్క అంకెతో తేలదు. ఒక పుస్తకంలో ఐదున్నర వేల డిగ్రీలని ఉంటుంది, ఇంకో దానిలో కోటిన్నర అని. రెండూ నిజమే. ఏ పొర గురించి అడుగుతున్నామన్నదే అసలు సంగతి.

పైకి కనిపించే బింబం వేడి గురించే పందొమ్మిదో శతాబ్దంలో పండితులకు పొంతన కుదరలేదు. 1838లో ఫ్రెంచి శాస్త్రవేత్త పుయ్యే రెండు వేల డిగ్రీలకు లోపే అన్నాడు. తర్వాత కొందరు లక్షల్లోకి వెళ్లారు. వస్తువు వేడెక్కేకొద్దీ అది వెదజల్లే శక్తి ఉష్ణోగ్రత నాలుగో ఘాతం చొప్పున పెరుగుతుందని 1879లో స్టెఫాన్ చెప్పాక గాని లెక్క దారికి రాలేదు. ఆయనకు వచ్చింది సుమారు 5,400. నేటి లెక్క సుమారు 5,500. పెద్ద తేడా లేదు.

లోపలి కథ సూటిగానే ఉంటుంది. నడిగర్భంలో పైనున్న బరువంతా నొక్కడంతో హైడ్రోజన్ కేంద్రకాలు కలిసి హీలియం అవుతాయి. సెకనుకు దాదాపు 60 కోట్ల టన్నుల హైడ్రోజన్ అలా మారుతుంది. అక్కడి వేడి కోటిన్నర డిగ్రీలు. ఆ శక్తి మూడింట రెండు వంతుల పైగా దారిని కాంతి రూపంలో, అడుగడుగునా కణాలకు తగిలి దారి తప్పుతూ, వేల ఏళ్ల పాటు దాటుతుంది. ఆపైన వాయువు ఎసరులా మరుగుతూ దాన్ని పైకి తెస్తుంది. మరుగు మొదలయ్యే చోట 20 లక్షల డిగ్రీలుంటే బింబం దగ్గరికి వచ్చేసరికి ఐదున్నర వేలు మిగులుతుంది. సూర్యుడి మచ్చల్లో అయస్కాంత క్షేత్రం ఆ మరుగును అణిచిపెడుతుంది కాబట్టి అక్కడ ఇంకా తక్కువ.

పొయ్యికి దూరం జరిగితే సెగ తగ్గాలి కదా? బింబం దాటాక కొన్ని వందల కిలోమీటర్లు ఆ మాట నిజమే. వేడి నాలుగు వేల దగ్గరికి దిగుతుంది. అక్కడి నుంచి తిరగబడుతుంది. క్రోమోస్ఫియర్ అనే ఎర్రటి పొరలో వేలు పదివేలు దాటి, దాని పైనున్న కరోనా అనే వెలుపలి పొరలో పది లక్షల పైకి పోతుంది.

ఈ విడ్డూరం బయటపడిన దారిలో మన నేల కూడా ఉంది. 1868 ఆగస్టు 18న సంపూర్ణ సూర్యగ్రహణం చూడడానికి ఫ్రాన్స్ నుంచి జాన్సెన్ గుంటూరు వచ్చాడు. మద్రాసు వేధశాల నుంచి పాగ్సన్ మచిలీపట్నం వెళ్లాడు. ఆ గ్రహణంలో సూర్యుడి అంచు వెలుగును రంగులుగా విడదీస్తే కనిపించిన ఒక పసుపు గీత అప్పటికి తెలిసిన ఏ మూలకానిదీ కాదని తర్వాత తేలింది. సూర్యుడి గ్రీకు పేరు మీద దానికి హీలియం అని పేరు పెట్టారు.

మరుసటి ఏడు అమెరికాలో కనిపించిన గ్రహణంలో కరోనా నుంచి ఒక ఆకుపచ్చ గీత దొరికింది. ఈసారి కూడా కొత్త మూలకమే అనుకున్నారు. కొరోనియం అని బారసాల కూడా చేసేశారు. ఒకసారి ఫలించిన ఊహ రెండోసారీ ఫలిస్తుందన్న ధీమా డెబ్బై ఏళ్లు నడిచింది. వేడి పెరిగితే పరమాణువు నుంచి ఎన్ని ఎలక్ట్రాన్లు ఊడిపోతాయో లెక్కగట్టే సూత్రాన్ని 1920లో మేఘనాద్ సాహా ఇచ్చాడు. 1940ల తొలి ఏళ్లలో స్వీడన్ శాస్త్రవేత్త ఎడ్లెన్ అసలు గుట్టు విప్పాడు. అది మన ఇనుమే! 26 ఎలక్ట్రాన్లలో 13 పోగొట్టుకున్న ఇనుము. అంతగా ఊడాలంటే లక్షల డిగ్రీల వేడి కావాలి.

క్రోమోస్ఫియర్‌తో హైదరాబాద్‌కు చుట్టరికం ఉంది. నవాబ్ జఫర్ జంగ్ 1901లో తెప్పించిన దూరదర్శినితో మొదలైన నిజామియా వేధశాల 1908లో ప్రభుత్వం చేతికి వచ్చి, తర్వాత బేగంపేటకు చేరింది. అక్కడ పనిచేసిన ఒక ఉద్యోగి కొడుకే నిజాం కాలేజీలో చదివిన ఖగోళ శాస్త్రవేత్త వేణు బప్పు. నక్షత్రాల క్రోమోస్ఫియర్ నుంచి వచ్చే కాల్షియం గీత వెడల్పును బట్టి ఆ నక్షత్రం అసలు కాంతి ఎంతో చెప్పవచ్చని 1957లో ఓలిన్ విల్సన్‌తో కలిసి చూపించింది ఆయనే. 1980 ఫిబ్రవరి 16న గ్రహణ ఛాయ నగరానికి దగ్గరలోని జపాల్-రంగాపూర్ వేధశాల మీదుగా పోయింది. ఎన్నో ఇళ్లు తలుపులు బిగించుకున్న ఆ మధ్యాహ్నం అక్కడ శాస్త్రవేత్తలు పట్టపగటి చీకట్లో కరోనాను చూశారు.

అంత వేడి కరోనా మనల్ని మాడ్చేయదా అంటే, దీపావళి కాకరపువ్వొత్తిని తలుచుకోవాలి. దాని రవ్వల వేడి వెయ్యి డిగ్రీల పైమాటే, చేతి మీద పడితే చురుక్కుమని ఊరుకుంటాయి. గరిటెడు మరిగే సాంబారు పడితే బొబ్బ లేస్తుంది. కరోనా కూడా రవ్వల జాతిదే, పదార్థం అతి పలుచన. 2024 డిసెంబర్ 24న సూర్యుడికి 61 లక్షల కిలోమీటర్ల దగ్గరికి పోయిన నాసా వారి పార్కర్ అంతరిక్ష నౌక కవచం సుమారు వెయ్యి డిగ్రీల వేడినే చవిచూసింది.

ఇంత వేడిని పైకి మోసేది అయస్కాంత క్షేత్రమన్న దానిపై పెద్దగా పేచీ లేదు. ఎలా అన్నదే తగవు. 1942లో స్వీడన్ శాస్త్రవేత్త ఆల్వెన్ ఊహించిన అయస్కాంత అలలు మోస్తాయని ఒక వాదం. మెలిపడ్డ క్షేత్రరేఖలు తెగి అతుక్కునేటప్పుడు లెక్కలేనన్ని చిన్న చిన్న విస్ఫోటాలు వేడెక్కిస్తాయని యూజీన్ పార్కర్ వాదం. రెండింటికీ పాలుందని నాకు అనిపిస్తుంది, వాటాలు తేలాలి.

2023 సెప్టెంబర్ 2న శ్రీహరికోట నుంచి బయలుదేరిన ఇస్రో నౌక ఆదిత్య-ఎల్1కు గ్రహణం కోసం ఎదురుచూసే అవసరం లేదు. దానిలోని కరోనాగ్రాఫ్ బింబాన్ని తానే కప్పేసి కరోనాను చూస్తుంది. అది గమనించే గీతల్లో 1869 నాటి ఆ ఆకుపచ్చ గీత ఒకటి.