గొంతులో జీర సిగరెట్‌తో రాదు: 'బ్యాక్ టు బ్లాక్' గురించి అపోహలు, వాస్తవాలు

అపోహ: బ్రిటిష్ గాయని ఎమీ వైన్‌హౌస్‌కి ఆ జీర గొంతు మందు, సిగరెట్ల వల్లే వచ్చింది.

ఆమె రెండో ఆల్బమ్ 'బ్యాక్ టు బ్లాక్' (2006) పాటలు నేర్పమని నా దగ్గరికి వచ్చే పిల్లల్లో ఎవరో ఒకరు ఈ మాట అంటూనే ఉంటారు. ఇది శుద్ధ తప్పు. 16 ఏళ్లకే ఆమె బ్రిటన్‌లో నేషనల్ యూత్ జాజ్ ఆర్కెస్ట్రాతో పాడింది. పాతతరం అమెరికన్ గాయనులు సారా వాన్, డైనా వాషింగ్టన్ పాటలు విని విని వంటబట్టించుకుంది. 2003 నాటి మొదటి ఆల్బమ్ 'ఫ్రాంక్' వినండి. ఆ మంద్రం, తాళానికి ఒక పిసరు వెనకగా మాట వేయడం అప్పటికే ఉన్నాయి. అదంతా సాధన.

పొగ వల్ల స్వరతంతువులు ఎండిపోయి వాస్తాయి. గొంతు బరువెక్కుతుంది నిజమే, దాంతోపాటే పై స్వరాలు పోతాయి. ఇక మందు సంగతంటారా, 2011 జూన్‌లో బెల్‌గ్రేడ్ కచేరీ చూడండి. సొంత పాటల మాటలే గుర్తురాక తడబడింది, జనం గోల చేశారు, టూర్ రద్దయింది. మరుసటి నెల 23న, 27 ఏళ్లకే చనిపోయింది. అతిగా తాగడమే కారణమని విచారణలో తేలింది.

నా దగ్గర ఒక ఇంజనీరింగ్ అమ్మాయి ఉండేది. కాలేజీ ఫెస్ట్‌లో ఈ ఆల్బమ్‌లోని 'రిహాబ్' పాడాలని, జీర కోసం రోజూ హాస్టల్లో గొంతు బిగించి అరిచేదట. ఒకరోజు వాళ్లమ్మను వెంటబెట్టుకుని వచ్చింది. నోరు తెరిస్తే గాలి తప్ప స్వరం లేదు. "ఇక మా పిల్ల పాడలేదాండీ?" అని ఆవిడ కళ్లనీళ్లు పెట్టుకుంది. ఈఎన్‌టీ డాక్టర్ కెమెరాతో చూసి నాడ్యూల్స్, అంటే స్వరతంతువుల మీద చిన్న బొడిపెలు, అన్నారు. ఆపరేషన్ లేకుండానే, స్పీచ్ థెరపీతో తగ్గాయి. చాలామందికి అలాగే తగ్గుతాయి, కంగారుపడకండి. కానీ బొంగురు మూడు వారాలు దాటితే మాత్రం యూట్యూబ్ చిట్కాలు కట్టిపెట్టి డాక్టర్ దగ్గరికి వెళ్లండి.

అపోహ: 'బ్యాక్ టు బ్లాక్' ఆమె మొదటి ఆల్బమ్.

కాదు, మొదటిది 'ఫ్రాంక్'. కానీ దీనికి 2008లో వచ్చిన ఐదు గ్రామీల్లో ఉత్తమ నూతన కళాకారిణి అవార్డు కూడా ఉంది. తికమక అక్కడే మొదలైంది.

అపోహ: అంతా ప్రొడ్యూసర్ మార్క్ రాన్సన్ పనితనమే.

11 పాటల్లో ఆయన ప్రొడ్యూస్ చేసినవి ఆరు, మిగతా ఐదు సలామ్ రెమీ అనే మరో ప్రొడ్యూసర్‌వి. 'రిహాబ్', 'యూ నో అయామ్ నో గుడ్' ఎమీ ఒక్కతే రాసుకుంది. ఒక ఆడపిల్ల ఇంత బాగా రాసిందంటే నమ్మడానికి కొందరికి ఎందుకంత కష్టమో!

అపోహ: పాత రికార్డుల ముక్కలు అతికించారు.

రాన్సన్ పాటలకు న్యూయార్క్ బ్రూక్లిన్‌లోని డ్యాప్-కింగ్స్ బ్యాండ్ స్వయంగా వాయించింది. 'టియర్స్ డ్రై ఆన్ దెయిర్ ఓన్'కి మాత్రం 'ఎయింట్ నో మౌంటెన్ హై ఎనఫ్' అనే పాత పాట ఆధారం, ఆ రచయితలకు క్రెడిట్ కూడా ఇచ్చారు.

నేర్చుకునేవాళ్లు 'రిహాబ్' జోలికి అప్పుడే పోకండి. 'లవ్ ఈజ్ ఎ లూజింగ్ గేమ్' తీసుకోండి, అందులో ఎక్కడా అరుపు లేదు. మీ శ్రుతికి మార్చుకుని, ఆమె ఊపిరి తీసుకున్న ప్రతి చోటా పెన్సిల్‌తో గీత పెట్టుకుని, మెల్లగా పాడండి.