1913 నోటర్ డేమ్ ఫుట్‌బాల్ సీజన్: అపోహలు – వాస్తవాలు

అమెరికన్ కళాశాల ఫుట్‌బాల్ తొలినాళ్ల చరిత్రపై పనిచేసే నన్ను అందరికంటే ఎక్కువగా అడిగేది 1913లో ఇండియానా రాష్ట్రంలోని నోటర్ డేమ్ విశ్వవిద్యాలయ జట్టు ఆడిన సీజన్ గురించే. ఏడు ఆటలాడి ఏడూ గెలిచి, మొత్తం 268 పాయింట్లు సాధించి, ప్రత్యర్థులకు 41 మాత్రమే ఇచ్చిన ఆ జట్టు గొప్పతనం గురించి నాకు ఎలాంటి సందేహమూ లేదు. అయితే ఆ జట్టుకు చెందని ఘనతను దానికి కట్టబెట్టడం వల్ల ఇతరుల శ్రమ మరుగున పడుతోంది, ఆ జట్టు నిజంగా సాధించినది కూడా మసకబారుతోంది.

అపోహ: ఫార్వర్డ్ పాస్‌ను (బంతిని ముందున్న సహచరుడికి విసరడాన్ని) కనిపెట్టినది నోటర్ డేమ్ ఆటగాళ్లు గస్ డొరే, నూట్ రాక్నీ.

వాస్తవం: బంతిని ముందుకు విసరడానికి నిబంధనలు అనుమతించినది 1906లో. 1905 సీజన్‌లో పలువురు ఆటగాళ్లు మరణించడంతో చెలరేగిన ఆందోళన ఫలితంగా, గుంపుగా గుద్దుకునే ఆటను మైదానమంతా విస్తరింపజేయాలన్న ఉద్దేశంతో వచ్చిన మార్పు అది. ఆ ఏడాది సెప్టెంబరు 5న విస్కాన్సిన్ రాష్ట్రంలోని వాకెషాలో కారొల్ కళాశాలపై ఆడుతూ సెయింట్ లూయిస్ విశ్వవిద్యాలయానికి చెందిన బ్రాడ్‌బరీ రాబిన్సన్ తొలి పాస్ విసిరాడు. అది ఎవరికీ అందకపోవడంతో అప్పటి నియమం ప్రకారం బంతి ఎదుటి జట్టు వశమైంది; అదే ఆటలో ఆ తర్వాత అతడు విసిరిన మరో పాస్‌ను జాక్ ష్నైడర్ అందుకుని టచ్‌డౌన్ (ప్రత్యర్థి గోల్ గీత దాటి బంతిని చేర్చి పాయింట్లు సాధించడం) చేశాడు. కోచ్ ఎడ్డీ కోచమ్స్ నేతృత్వంలో ఆ జట్టు ఆ సీజన్‌లో ఆడిన పదకొండు ఆటలూ గెలిచింది. మరుసటి ఏడు పాప్ వార్నర్ శిక్షణలోని కార్లైల్ ఇండియన్ పాఠశాల జట్టు పాస్‌ను విరివిగా వాడి పెన్సిల్వేనియా వంటి పెద్ద జట్టును 26-6 తేడాతో ఓడించింది. ఆదివాసీ విద్యార్థుల ఆ జట్టు పేరు ఈ చర్చలో వినిపించకపోవడం నన్ను ఎప్పుడూ బాధిస్తుంది.

మరి 1913 నాటికి మారినదేమిటి? ముందుగా పాస్‌ను కట్టడి చేసిన నియమాలు మారాయి. 20 గజాలకు మించి విసరకూడదన్న హద్దు 1912లో తొలగిపోయింది; పది గజాలు సాధించడానికి మూడు డౌన్‌ల (ప్రయత్నాల) స్థానంలో నాలుగు ఇచ్చారు; గోల్ గీత వెనుక ఎండ్ జోన్‌ను ఏర్పరచి, అక్కడ అందుకున్న పాస్‌ను టచ్‌డౌన్‌గా గుర్తించారు. ఒక పాస్ గురి తప్పినా మరో అవకాశం మిగిలే పరిస్థితి వచ్చాకనే దానిని నమ్ముకుని వ్యూహం పన్నడం సాధ్యమైంది. 1913 వేసవిలో ఒహాయోలోని సీడర్ పాయింట్ విహార కేంద్రంలో పనిచేస్తూ, తీరిక దొరికినప్పుడల్లా అక్కడి తీరంలో డొరే, రాక్నీ సాధన చేశారు. నిలబడి బంతిని పొట్టకు అదుముకునే పద్ధతి కాకుండా, పరుగు ఆపకుండా చేతులతోనే అందుకోవడం అలవరచుకున్నారు. నేటి బంతి కంటే అప్పటిది లావుగా ఉండేదన్న సంగతి గుర్తుంచుకుంటే ఆ సాధన విలువ తెలుస్తుంది.

అపోహ: నవంబరు 1న వెస్ట్ పాయింట్‌లో అమెరికా సైనిక అకాడమీ జట్టును 35-13 తేడాతో ఓడించినది కేవలం పాస్‌లే.

వాస్తవం: డొరే విసిరిన 17 పాస్‌లలో అందినవి 13 అని కొన్ని లెక్కలు, 14 అని మరికొన్ని చెబుతాయి, ఎలా చూసినా ఆ రోజులకు అది అసాధారణమే. కానీ అయిదు టచ్‌డౌన్‌లలో పాస్‌ల ద్వారా వచ్చినవి రెండే. మిగిలిన మూడూ పరుగుతో సాధించినవి. వాటిలో రెండు ఫుల్‌బ్యాక్ (బంతితో మధ్యలోంచి దూసుకెళ్లే ఆటగాడు) రే ఐకెన్‌లాబ్‌వి, ఒకటి జో ప్లిస్కాది. విరామ సమయానికి తేడా 14-13, అంటే ఒక్క పాయింటే. పాస్‌కు భయపడి రక్షకులు వెనక్కి జరిగితే బలిష్ఠుడైన ఐకెన్‌లాబ్ మధ్యలోంచి దూసుకుపోయేవాడు. అతణ్ణి అడ్డుకోవడానికి ముందుకు వస్తే వారి తలల మీదుగా బంతి వెళ్లేది. రాక్నీ తర్వాతి కాలంలో చెప్పుకున్న ప్రకారం, అతడు కొన్ని ఎత్తుగడల పాటు కాలు బెణికినట్లు కుంటుతూ నడిచాడు. తనను కాపలా కాసేవాడు అలక్ష్యం చేయగానే ఒక్కసారిగా వేగం పుంజుకుని ఒంటరిగా బంతిని అందుకున్నాడు. ఈ సమన్వయమే ఆ సీజన్ అసలు ఘనత అని నా నిశ్చితాభిప్రాయం.

అపోహ: ఆ జట్టును నడిపినది కోచ్ రాక్నీ.

వాస్తవం: అప్పటికి రాక్నీ విద్యార్థి, జట్టు కెప్టెన్. కోచ్ జెస్సీ హార్పర్‌కు అక్కడ అదే తొలి సంవత్సరం. రాక్నీ ప్రధాన కోచ్ అయినది 1918లో.

అపోహ: నోటర్ డేమ్ అప్పటివరకు ఎవరికీ తెలియని చిన్న కళాశాల.

వాస్తవం: 1909లోనే ఆ కళాశాల మిషిగన్‌ను 11-3తో ఓడించింది, 1911, 1912 సీజన్లలో ఒక్క ఆటా ఓడిపోలేదు. తూర్పు తీరపు పత్రికలు పట్టించుకోకపోవడం వేరు, జట్టు అనామకం కావడం వేరు. 1910లో మిషిగన్ ఆటను రద్దు చేసుకుంది, చుట్టుపక్కల పెద్ద విశ్వవిద్యాలయాలు కూడా ఆడడానికి ముందుకు రాలేదు. అందుకే హార్పర్ దూరప్రాంతాల జట్లకు లేఖలు రాయవలసి వచ్చింది. ఫలితంగా సీజన్‌లోని చివరి నాలుగు ఆటలూ పరాయి గడ్డ మీదే జరిగాయి: న్యూయార్క్ రాష్ట్రంలోని వెస్ట్ పాయింట్, ఆరు రోజులకే పెన్సిల్వేనియాలో పెన్ స్టేట్, ఆపై సెయింట్ లూయిస్, మరో అయిదు రోజులకు టెక్సాస్‌లోని ఆస్టిన్. ఈ రైలు ప్రయాణాల మధ్య పెన్ స్టేట్‌పై 14-7తో, టెక్సాస్‌పై 30-7తో గెలవడం నా దృష్టిలో వెస్ట్ పాయింట్ విజయానికి ఏమాత్రం తీసిపోదు.

అపోహ: ఆ ఏడాది జాతీయ చాంపియన్ నోటర్ డేమ్.

వాస్తవం: అప్పట్లో జాతీయ చాంపియన్‌ను తేల్చే పోటీ లేదు, అసోసియేటెడ్ ప్రెస్ వార్షిక ర్యాంకింగులు మొదలైనది 1936లో. 1913లో హార్వర్డ్, షికాగో, ఆబర్న్ జట్లు కూడా ఓటమి ఎరుగవు.

అపోహ: సైనిక అకాడమీ జట్టు ఆ దెబ్బతో కుప్పకూలింది.

వాస్తవం: ఆ సీజన్ మొత్తంలో ఆ జట్టు ఓడినది ఆ ఒక్క ఆటే. పైగా తనను ఓడించిన పద్ధతిని అది శ్రద్ధగా నేర్చుకుంది. నవంబరు 29న న్యూయార్క్‌లోని పోలో గ్రౌండ్స్‌లో నౌకాదళ అకాడమీతో తలపడినప్పుడు, క్వార్టర్‌బ్యాక్ (ఎత్తుగడలను నడిపే ఆటగాడు) ప్రిచర్డ్ విసిరిన పాస్‌లను మెరిలాట్ అందుకుంటుండగా 22-9తో గెలిచింది.