సర్ఫింగ్ సినిమాలు: ఒడ్డున కూర్చుంటే తెలియని సంగతులు

అపోహ: మంచి కెమెరా ఉంటే చాలు, మిగతాది అలే చూసుకుంటుంది.

వాస్తవం: కెమెరా కంటే ముందు కాళ్లు ఆడాలి. సర్ఫింగ్ అంటే బోర్డు మీద నిలబడి అలలపై జారడం, కానీ నీళ్లలో దిగి దాన్ని సినిమా తీసేటప్పుడు నాకు బోర్డు ఉండదు. కాళ్లకు ఫిన్స్ (ఈతకు తొడుక్కునే రబ్బరు రెక్కలు), చేతిలో వాటర్ హౌసింగ్ (కెమెరాలోకి నీరు చొరబడకుండా మూసే పెట్టె), అంతే. నీటి లోతు అల ఎత్తుకు దాదాపు 1.3 రెట్లకు తగ్గేసరికి అల విరుగుతుంది. సరిగ్గా అక్కడే ఈదుతూ ఉండాలి. సర్ఫర్ నేరుగా మీదికొస్తాడు. ముందే మునిగితే షాట్ పోయినట్టే, ఆలస్యం చేస్తే బోర్డు తలకు తగులుతుంది. వాడు ఎక్కడ మలుపు తీసుకుంటాడో ముందే పసిగట్టాలంటే మనమూ సర్ఫింగ్ చేసి ఉండాలి.

ఇక హౌసింగ్ సంగతి. ఒకసారి మూత దగ్గర నీటిని ఆపే రబ్బరు రింగు మీద ఒక్క వెంట్రుక ఉండిపోయింది, నేను చూసుకోలేదు. పది నిమిషాల్లో కెమెరాలోకి ఉప్పునీరు! అప్పటినుంచి మూత బిగించే ముందు రింగంతా వేలితో తడిమి చూస్తాను. లెన్స్ ముందున్న అద్దాన్నయితే నాలుకతో నాకి నీళ్లలో ముంచుతాను. ఉమ్మి పొర ఉంటే నీరు చుక్కలు కట్టదు, పలచగా పరుచుకుంటుంది. చూసేవాళ్లు మొహం చిట్లిస్తారు, చిట్లించనీ.

అపోహ: తెరమీద వినిపించే హోరు ఆ అలదే.

వాస్తవం: మూసేసిన పెట్టెలో మైకుకు వినపడేది టకటకలే. హోరు వేరేగా రికార్డు చేసి కలుపుతాం. 1960లలో అయితే సర్ఫింగ్ సినిమాలు తీసిన అమెరికన్ దర్శకుడు బ్రూస్ బ్రౌన్ తన సినిమాలు ఊరూరా తిప్పుతూ, ప్రేక్షకుల ముందు మైకు పట్టుకుని తనే వ్యాఖ్యానం చెప్పేవాడు.

అపోహ: రోజంతా అలల మీదే ఉంటారు.

వాస్తవం: ఎదురుచూపులే ఎక్కువ. ఎక్కడో వేల కిలోమీటర్ల దూరాన తుపాను లేస్తే, ఆ అలలు మాదాకా రావడానికి రోజులు పడుతుంది. వచ్చిన రోజున గాలి అనుకూలించకపోతే ఇంటికే.

అపోహ: సర్ఫింగ్ అంటే పనీపాటా లేని తెల్ల కుర్రాళ్ల సరదా.

వాస్తవం: ఈ అపోహలో మా సినిమాలవాళ్ల పాపమే ఎక్కువ. హవాయిలో రాజులు, రాణులు, మామూలు జనం, అందరూ అలలెక్కేవారు. ఆస్ట్రేలియాలో 1914-15లో బోర్డెక్కి జనాన్ని ఆకట్టుకున్న డ్యూక్ కహనమోకు కూడా హవాయి మనిషే, ఈతలో ఒలింపిక్ విజేత.

నా దృష్టిలో ఈ సంస్కృతి విన్యాసాల్లో కంటే కట్టుబాట్లలో ఉంది. అల మొదట విరిగే చోటుకు ఎవరు దగ్గరగా ఉంటే అల వాళ్లది, అడ్డుపడితే తిట్లే. మంచి అలలొచ్చే తీరం ఎక్కడుందో సినిమాలో బయటపెట్టడం ఇంకా పెద్ద తప్పు. ఒకసారి అద్భుతమైన షాట్ దొరికింది, వెనక కొండ స్పష్టంగా పడింది. అక్కడ ఏళ్లుగా సర్ఫింగ్ చేస్తున్న పెద్దాయనకు చూపించాను. "కొండ భలే కనిపిస్తోందే" అన్నాడు, అంతే. ఆ రాత్రే ఎడిటింగ్‌లో తీసేశాను.