టెక్సస్ కార్డు, వీసా, తుపాకీ: మనవాళ్లలో తిరిగే అపోహలు, అసలు వాస్తవాలు

డాలస్ దగ్గర శని, ఆదివారాల్లో హ్యాండ్‌గన్ లైసెన్స్ (మనవాళ్ల మాటల్లో "కార్డు") క్లాసులు చెప్తుంటాను. నా దగ్గరికి వచ్చే తెలుగువాళ్లలో గ్యాస్ స్టేషన్లు, మోటళ్లు నడిపేవాళ్లు ఉంటారు, నైట్ షిఫ్టు నర్సులు ఉంటారు, కొత్తగా ఇల్లు కొని దొంగల భయం పట్టుకున్న సాఫ్ట్‌వేర్ దంపతులు ఉంటారు. గురి ఎలా కుదురుతుందని అడిగేవాళ్లు తక్కువ. ఎక్కువమంది అడిగేవి రెండే. "అన్నా, నాది హెచ్-1బి, పర్లేదు కదా?" "టెక్సస్ కార్డు దేశమంతా చెల్లుతుంది కదా?" ఎవరో ఒక స్నేహితుడు "ఏం పర్లేదు" అని అప్పటికే చెప్పి పంపి ఉంటాడు. ఆ మాటంటేనే నాకు భయం. తుపాకీ దగ్గరికి వచ్చేసరికి ఇక్కడ యాభై రాష్ట్రాలకి యాభై చట్టాలు, వాటన్నిటి నెత్తిన ఒక ఫెడరల్ చట్టం. మీరు ఏ నేల మీద ఉన్నారో, ఏ హోదాలో ఉన్నారో రెండూ చూసుకుంటే తప్ప జవాబు దొరకదు.

అపోహ: టెక్సస్‌లో ఇప్పుడు లైసెన్సే అక్కర్లేదు, కాబట్టి ఎవరైనా నడుముకి పెట్టుకోవచ్చు.

వాస్తవం: 2021 సెప్టెంబరు 1 నుంచి టెక్సస్‌లో లైసెన్స్ లేకుండా హ్యాండ్‌గన్ వెంట పెట్టుకోవచ్చన్నది నిజమే. 2024 నాటికి ఇలాంటి రాష్ట్రాలు 29 అయ్యాయి. కానీ ఆ చట్టం వర్తించేది తుపాకీ కలిగి ఉండటానికి అర్హత ఉన్నవాళ్లకే. మనవాళ్లు బోల్తా పడేది ఆ "అర్హత" అనే మాట దగ్గర.

1968 నాటి గన్ కంట్రోల్ చట్టంలో తుపాకీ ముట్టకూడని వాళ్ల జాబితా ఒకటుంది. 1998లో చేసిన సవరణతో అందులోకి నాన్-ఇమిగ్రెంట్ వీసా మీద వచ్చినవాళ్లని కూడా చేర్చారు. అంటే హెచ్-1బి, హెచ్-4, ఎల్-1, చదువుకునే పిల్లల ఎఫ్-1, చూడటానికి వచ్చే అమ్మానాన్నల బి-2, అన్నీ. తుపాకీ గానీ, ఒక్క తూటా గానీ దగ్గర ఉంచుకుంటే 15 ఏళ్ల వరకు జైలు శిక్ష పడొచ్చు. టెక్సస్ ఎంత ఉదారంగా ఉన్నా ఈ నిషేధాన్ని తీసేయలేదు.

"దగ్గర ఉంచుకోవడం" అంటే కొనడం ఒక్కటే అనుకుంటారు. కాదు. రేంజ్‌లో, అంటే కాల్పులు ప్రాక్టీసు చేసే చోట, అద్దెకి తీసుకుని పది గుళ్లు పేల్చినా అదే లెక్క. దీనికి సుప్రీంకోర్టు దాకా వెళ్లిన కేసే ఉంది. ఫ్లోరిడాలో చదువుకోవడానికి వచ్చిన ఒక ఎమిరేట్స్ కుర్రాడిని యూనివర్సిటీ తీసేసింది, దాంతో అతని స్టూడెంట్ హోదా పోయింది. తర్వాత అతను రేంజ్‌కి వెళ్లి తుపాకీ కాల్చాడు, కేసు పెట్టారు. 2019లో ఆ కుర్రాడి కేసు (రెహైఫ్ కేసు) తీర్పులో కోర్టు ఏమందంటే, తన హోదా ఏంటో అతనికి తెలుసని ప్రభుత్వం నిరూపించాలి అని. మనకది ఊరటలా వినిపిస్తుంది గానీ, మన పిల్లలకి తమ వీసా ఏదో బాగా తెలుసు. తెలియదని ఎవరు నమ్ముతారు?

అందుకే సెలవులకి వచ్చిన నాన్నగారిని సరదాగా రేంజ్‌కి తీసుకెళ్లి, చేతిలో పిస్టల్ పెట్టి ఫొటో తీసి ఫ్యామిలీ గ్రూపులో పెట్టేవాళ్లని చూస్తే నా గుండె జారిపోతుంది. ఆ ఫొటో సాక్ష్యం. పైగా తెలిసి చేతికిచ్చిన కొడుకుదీ నేరమే. నిషేధం ఉన్న మనిషికి తుపాకీ ఇవ్వడం ఆ చట్టంలోనే మరో నేరం.

గ్యాస్ స్టేషన్ సంగతి ఇంకా బరువైనది. రాత్రిపూట కౌంటర్లో ఉన్న మన పిల్లలు కాల్పుల్లో పోయిన వార్తలు మనందరం చదివాం, ఏడ్చాం. యజమాని మంచి మనసుతోనే "కౌంటర్ కింద ఉంది, అవసరమైతే తియ్" అంటాడు. ఆ మాటతో ఎఫ్-1 మీద ఉన్న పిల్లాడిని ఆయన ఫెడరల్ నేరంలోకి నెట్టాడు, తానూ పడ్డాడు. ఆ పిల్లాడి ప్రాణం కాపాడాలనుకుంటే బుల్లెట్‌ప్రూఫ్ అద్దం పెట్టించండి, రాత్రి ఇద్దరిని ఉంచండి, క్యాష్ డ్రాప్ సేఫ్ పెట్టండి. తుపాకీ అతని చేతికి అందే చోట ఉంచకండి.

ఇంట్లో కూడా అంతే. భర్తకి సిటిజన్‌షిప్ ఉంది, ఇండియా నుంచి వచ్చిన బావమరిది హెచ్-1బి మీద అదే ఇంట్లో ఉంటున్నాడు అనుకోండి. తుపాకీ హాల్లో అల్మరాలో ఉంటే అది అతని అదుపులో కూడా ఉన్నట్టే అని ప్రాసిక్యూటర్ వాదించొచ్చు. సేఫ్‌లో పెట్టి, తాళం గానీ కోడ్ గానీ అర్హత ఉన్న మనిషి ఒక్కరి దగ్గరే ఉంచాలి. పిల్లలున్న ఇల్లయితే ఎలాగూ తప్పదు. 17 ఏళ్లలోపు పిల్లల చేతికి గుళ్లు నింపిన తుపాకీ అందేలా వదిలేయడం టెక్సస్‌లో నేరం.

అపోహ: హంటింగ్ లైసెన్స్ కొంటే హెచ్-1బి వాళ్లకి ఏ సమస్యా లేదు.

ఇది సగం నిజం. సగం నిజాలే మనుషుల్ని ముంచుతాయి. అమెరికాలో చట్టప్రకారం ఇచ్చిన, గడువు తీరని హంటింగ్ లైసెన్స్ ఉన్న నాన్-ఇమిగ్రెంట్‌కి ఆ నిషేధం నుంచి మినహాయింపు ఉంది. ఇదే ఆధారంతో కొందరు షాపులో తుపాకీ కొనేవాళ్ల ఫెడరల్ ఫారం 4473 నింపి, లైసెన్స్ కాపీ జతచేసి, బ్యాక్‌గ్రౌండ్ చెక్ దాటి చట్టబద్ధంగానే కొంటున్నారు.

అయితే టెక్సస్ హంటింగ్ లైసెన్స్ ఎప్పుడు కొన్నా ఆగస్టు 31తో ముగుస్తుంది. రెన్యూ చేయడం మరచిపోతే సెప్టెంబరు 1 పొద్దున నిద్ర లేచేసరికి మీ బీరువాలో ఉన్న తుపాకీ ఫెడరల్ నేరం. ఇంకొకటి, హోదా పోయినవాళ్లకి ఈ మినహాయింపు లేదు. ఉద్యోగం పోయి, గ్రేస్ పీరియడ్ దాటి, చట్టబద్ధమైన హోదా లేకుండా ఉన్న మనిషి వేరే క్లాజు కిందకి వస్తాడు, అక్కడ హంటింగ్ లైసెన్స్ పనికిరాదు. లేఆఫ్‌ల కాలంలో ఇది ఊహ కాదు. నా దగ్గరికి వచ్చే హెచ్-1బి తమ్ముళ్లకి నేను చెప్పేది ఒకటే: గ్రీన్ కార్డు చేతికి వచ్చేదాకా ఆగండి. చట్టం ఒప్పుకుంటుందా అంటే ఒప్పుకోవచ్చు. కానీ ఒక తేదీ మరిచిపోతే పదేళ్ల కష్టం పోతుంది. ఈఏడీ కార్డు (వర్క్ పర్మిట్) గ్రీన్ కార్డు కాదన్న సంగతి కూడా గుర్తుంచుకోండి.

గ్రీన్ కార్డు వచ్చాక మరి? కొనొచ్చు, లైసెన్స్ తీసుకోవచ్చు. కానీ సిటిజన్‌కీ మీకూ ఒక తేడా మిగిలే ఉంటుంది. ఇమిగ్రేషన్ చట్టంలో తుపాకీ నేరాలకి ప్రత్యేకంగా ఒక నిబంధన ఉంది. చట్టవిరుద్ధంగా తుపాకీ కొన్నట్టు, ఉంచుకున్నట్టు, వెంట తీసుకెళ్లినట్టు శిక్ష పడితే దేశం నుంచి పంపేయడానికి అదే కారణం అవుతుంది. సిటిజన్‌కి జరిమానాతో పోయే కేసు మీకు డిపోర్టేషన్ నోటీసుగా రావచ్చు. క్రిమినల్ లాయర్ "ఒప్పేసుకో, చిన్నదే" అన్నా సరే, ఇమిగ్రేషన్ లాయర్‌ని అడగకుండా సంతకం పెట్టకండి.

అపోహ: టెక్సస్ లైసెన్స్ డ్రైవింగ్ లైసెన్స్ లాంటిది, ఏ రాష్ట్రంలోనైనా చెల్లుతుంది.

వాస్తవం: రాష్ట్రాలు ఒకదాని కార్డుని మరొకటి గుర్తించాలన్న నియమం లేదు. ఎవరికి ఇష్టమైతే వాళ్లు గుర్తిస్తారు. న్యూయార్క్, న్యూజెర్సీ, కాలిఫోర్నియా, ఇల్లినాయ్ మన టెక్సస్ కార్డుని గుర్తించవు. న్యూజెర్సీ ఎడిసన్‌లో అన్నయ్య ఇంటికి, చికాగోలో స్నేహితుడి ఇంటికి కారులో వెళ్లేవాళ్లు ఈ నాలుగు పేర్లు నోటికి నేర్చుకోవాలి.

ప్రతి క్లాసులో నేను చెప్పే కేసు ఒకటుంది. 2013లో ఫిలడెల్ఫియాకి చెందిన ఒకామె, ఇద్దరు పిల్లల తల్లి, పెన్సిల్వేనియా పర్మిట్ చేతిలో ఉంది. కారులో న్యూజెర్సీలోకి వెళ్లింది. పోలీసు ఆపితే, దాచకుండా తానే చెప్పింది: నా దగ్గర తుపాకీ ఉంది, ఇదిగో పర్మిట్ అని. అరెస్టు చేశారు. పర్మిట్ లేకుండా హ్యాండ్‌గన్ ఉండటం అక్కడ రెండో డిగ్రీ నేరం, 5 నుంచి 10 ఏళ్లు. పెద్ద గొడవ జరిగి, చివరికి 2015లో అప్పటి గవర్నర్ క్రిస్ క్రిస్టీ ఆమెకి క్షమాభిక్ష ఇచ్చాడు. నిజాయితీగా చెప్పడం ఆమె తప్పు కాదు. నది దాటగానే కార్డు చెల్లదని ఆమెకి ఎవరూ చెప్పలేదు. ఆమె అమెరికన్ పౌరురాలు. అదే స్థానంలో గ్రీన్ కార్డు మీద ఉన్న మన ఆడపడుచుని ఊహించుకుంటేనే నాకు ఒళ్లు జలదరిస్తుంది.

"2022లో సుప్రీంకోర్టు న్యూయార్క్ చట్టాన్ని కొట్టేసింది కదా?" అని చదువుకున్నవాళ్లు అడుగుతారు. ఆ తీర్పు (బ్రూయెన్ తీర్పు) కొట్టేసింది ఒక షరతుని మాత్రమే. 1911 నాటి సల్లివాన్ చట్టం నుంచి పెరిగిన పద్ధతిలో, లైసెన్స్ కావాలంటే "నాకు ప్రత్యేకమైన అవసరం ఉంది" అని చూపించాల్సి వచ్చేది. అది చెల్లదంది కోర్టు. లైసెన్స్ అడగడం తప్పనలేదు. ఆ వెంటనే న్యూయార్క్ కొత్త చట్టం తెచ్చింది: 16 గంటల క్లాసు, 2 గంటల రేంజ్, టైమ్స్ స్క్వేర్‌లోనూ సబ్‌వేలోనూ నిషేధం.

దారి మధ్యలో తగిలే రాష్ట్రాల సంగతికి 1986 నాటి ఫెడరల్ చట్టం ఒకటుంది. బయల్దేరిన చోటా, చేరే చోటా మీకు తుపాకీ ఉంచుకునే హక్కుంటే, మధ్య రాష్ట్రాలు దాటొచ్చు. గుళ్లు తీసేసి, ట్రంక్‌లో పెట్టాలి. ట్రంక్ లేని బండి అయితే తాళం వేసిన పెట్టెలో, అది కూడా గ్లవ్ బాక్స్, కన్సోల్ కాకుండా. అయితే ఇది ప్రయాణానికే. యూటా నుంచి పెన్సిల్వేనియా వెళ్తున్న ఒకాయనకి 2005లో న్యూవార్క్‌లో కనెక్షన్ తప్పింది. బ్యాగు తీసుకుని హోటల్లో పడుకున్నాడు. పొద్దున కౌంటర్లో పద్ధతిగా డిక్లేర్ చేస్తే అరెస్టయ్యాడు. హోటల్ గదిలో ఆ పెట్టె ఆయన చేతికి అందే చోట ఉంది కాబట్టి ఆ రక్షణ వర్తించదని 2010లో అప్పీళ్ల కోర్టు తేల్చింది. కాబట్టి ఫ్లైట్ తప్పితే ఆ బ్యాగు మీరు తీసుకోకండి, ఎయిర్‌లైన్ దగ్గరే ఉంచమని అడగండి.

అపోహ: లైసెన్స్ అక్కర్లేనప్పుడు కార్డుకి డబ్బు, టైమ్ దండగ.

క్లాసు ఫీజు కోసం చెప్తున్నానని అనుకోకండి. ప్రభుత్వ ఫీజు 40 డాలర్లు, క్లాసు 4 నుంచి 6 గంటలు, తర్వాత 3, 7, 15 గజాల దూరాల నుంచి 50 గుళ్ల పరీక్ష. ఆ పూట కష్టానికి వచ్చేది చూడండి. ఫెడరల్ చట్టం ప్రకారం స్కూలుకి 1000 అడుగుల లోపల తుపాకీ ఉండకూడదు. ఈ చట్టాన్ని 1995లో సుప్రీంకోర్టు కొట్టేస్తే 1996లో కాంగ్రెస్ సవరించి మళ్లీ తెచ్చింది. ఆ స్కూలున్న రాష్ట్రం ఇచ్చిన లైసెన్స్ ఉన్నవాళ్లకి అందులో మినహాయింపు ఉంది. లైసెన్స్ లేకుండా పెట్టుకునేవాళ్లకి లేదు. ఫ్రిస్కోలోనో ఇర్వింగ్‌లోనో స్కూలుకి 1000 అడుగుల దూరం పాటిస్తూ కారు నడపండి చూద్దాం. పిల్లల్ని దింపడానికి వెళ్లే దారే కుదరదు. ఆ 40 డాలర్ల విలువ ఇక్కడ తెలుస్తుంది.

కార్డున్నా తలుపు దగ్గర బోర్డు చదవాలి. 30.06 అని రాసి ఉంటే లైసెన్స్ ఉన్నవాళ్లు కూడా దాచిపెట్టుకుని లోపలికి వెళ్లకూడదు. ఎర్రగా 51% అని ఉంటే అది బార్ కింద లెక్క, అక్కడికి అసలే వద్దు. ఫింగర్‌ప్రింట్లకో సిటిజన్‌షిప్ ఇంటర్వ్యూకో యూఎస్‌సీఐఎస్ (ఇమిగ్రేషన్) ఆఫీసుకి వెళ్లే రోజు తుపాకీ ఇంట్లోనే ఉండాలి. ఫెడరల్ ఆఫీసుల్లోకి తుపాకీ తేవడమే విడిగా ఒక నేరం.

అపోహ: ఎయిర్‌పోర్టులో పొరపాటున దొరికితే తీసుకుని పంపేస్తారు.

2023లో అమెరికా ఎయిర్‌పోర్టుల చెక్‌పాయింట్లలో భద్రతా తనిఖీ చేసే టీఎస్ఏ 6,737 తుపాకులు పట్టుకుంది. వాటిలో 93 శాతం గుళ్లు నింపినవే. దాదాపు అందరూ చెప్పేది "మరిచిపోయాను" అనే. జరిమానా వేల డాలర్లలో ఉంటుంది, ప్రీచెక్ (త్వరగా తనిఖీ దాటించే సౌకర్యం) పోతుంది, లోకల్ పోలీసు కేసు వేరే. తీసుకెళ్లాల్సి వస్తే గుళ్లు తీసి, గట్టి పెట్టెకి తాళం వేసి, చెకిన్ కౌంటర్లో చెప్పి ఇవ్వాలి.

హైదరాబాద్ ప్రయాణానికి మాత్రం ఏ పద్ధతీ లేదనే అనుకోండి. భారత్‌లో 1959 ఆయుధాల చట్టం కింద లైసెన్స్ లేకుండా ఒక్క తూటా ఉన్నా కేసు. మనవాళ్లు ఇరుక్కునేది తుపాకీతో కాదు, బ్యాక్‌ప్యాక్ జిప్పు మూలలో మిగిలిపోయిన ఒక తూటాతో. ఇండియా వెళ్లేటప్పుడు ఎక్కడా కనపడదు. తిరుగు ప్రయాణంలో శంషాబాద్ స్కానర్‌లో కనపడుతుంది. తెలిసి ఉంచుకున్నట్టు రుజువైతేనే నేరమని అక్కడి కోర్టులు చెప్తూ వచ్చాయి. ఢిల్లీ హైకోర్టు ఇలాంటి కేసులు చాలానే కొట్టేసింది. కానీ ఆ ఉత్తర్వు వచ్చేలోపు ఫ్లైటు, లీవు, కొందరికి ఉద్యోగం కూడా పోతాయి.

నా దగ్గరికి వచ్చేవాళ్లకి మొదటి రోజే ఒక పని చెప్తాను. రేంజ్‌కి వాడే బ్యాగు విడిగా కొనుక్కోండి, ఎర్రదో పచ్చదో, ఇంట్లో ఇంకే బ్యాగుకీ లేని రంగు. అది గ్యారేజీ దాటి సూట్‌కేసుల గదిలోకి రాకూడదు. ఇండియా వెళ్లే ముందు రోజు ప్రతి బ్యాగూ బోర్లించి దులపండి, లోపలి జేబుల్లో వేలు పెట్టి తడమండి, జాకెట్లతో సహా.