ఫాంటసీలో విశ్వాసం, తర్కం, ఊహ: క్లాసులో ఏటా వినే అపోహలు, అసలు వాస్తవాలు

ఇరవై ఏళ్లుగా డిగ్రీ, పీజీ పిల్లలకు ఇంగ్లిష్ సాహిత్యం చెబుతున్నాను. ఫాంటసీ యూనిట్ మొదలుపెట్టిన రోజున క్లాసు రెండుగా చీలిపోతుంది. సండే స్కూల్లో పెరిగిన పిల్లలు, నార్నియా కథల్లోని అస్లాన్ అనే సింహం గురించి, "సార్, అస్లాన్ అంటే యేసుప్రభువే కదా, ఇక పాఠం ఏముంది?" అంటారు. ఇంకొందరు "దేవుణ్ణి నమ్మేవాళ్లకు మాట్లాడే సింహాల కథలు రాయడం ఒక లెక్కా?" అంటారు. ఇద్దరూ నాకు ఇష్టమైన విద్యార్థులే, కానీ ఇద్దరూ ఒకే చోట తడబడుతున్నారు. నమ్మకం, బుద్ధి, ఊహ ఒకదానితో ఒకటి పొసగవన్నది వాళ్లందరి లెక్క. నార్నియా కథలు రాసిన సి.ఎస్. లూయిస్, 'లార్డ్ ఆఫ్ ది రింగ్స్' రాసిన జె.ఆర్.ఆర్. టోల్కీన్‌లను దగ్గరగా చదివితే ఆ లెక్క ఎక్కడ తప్పుతుందో తెలుస్తుంది.

అపోహ: ఫాంటసీ రాయాలంటే తర్కాన్ని గుమ్మం బయట వదిలేయాలి.

వాస్తవం: టోల్కీన్ 1939 మార్చి 8న స్కాట్లండ్‌లోని సెయింట్ ఆండ్రూస్ విశ్వవిద్యాలయంలో అద్భుత కథల మీద ఉపన్యాసం ఇచ్చాడు. బుద్ధి ఎంత పదునుగా ఉంటే ఫాంటసీ అంత బాగా పండుతుందని వాదించాడు. దానికి ఆయన చూపిన ఉదాహరణ కప్పరాజు కథ. కప్పకూ మనిషికీ తేడా తెలియని వాళ్ల మధ్య కప్పగా మారిన రాజకుమారుడి కథ పుట్టదు. ఏది ఉందో, ఏది లేదో స్పష్టంగా తెలిసినవాడికే లేనిదాన్ని కల్పించడం చేతనవుతుంది.

లూయిస్ సంగతి ఇంకా ఆసక్తిగా ఉంటుంది. 1914లో, పదిహేనేళ్ల వయసులో, సర్రే జిల్లాలోని గ్రేట్ బుక్‌హామ్‌లో విలియం కిర్క్‌పాట్రిక్ అనే మాస్టారి ఇంట్లో ఉండి చదువుకోవడానికి వెళ్లాడు. రైలు దిగి నడుస్తూ, మాట కలుపుదామని "సర్రే నేను అనుకున్నదానికంటే అడవిలా ఉంది" అన్నాడు. మాస్టారు టక్కున ఆగమన్నాడు. అడవిలా అంటే నీ ఉద్దేశం ఏమిటి? ఇలా ఉండదని అనుకోవడానికి నీకున్న ఆధారం ఏమిటి? ఒక్కదానికీ ఆ కుర్రాడి దగ్గర జవాబు లేదు. పలకరింపుగా అన్న మాటకు కూడా ఆధారం అడిగే ఆ మాస్టారు నాస్తికుడు. లూయిస్ ఆయన్ను జీవితాంతం ప్రేమగా తలుచుకున్నాడు.

ఇప్పుడు 1950లో వచ్చిన నార్నియా మొదటి పుస్తకం ఐదో అధ్యాయం తెరవండి. బీరువాలోంచి ఇంకో లోకానికి వెళ్లొచ్చానని లూసీ చెబుతుంది. అన్నయ్యా అక్కా కంగారుపడి ముసలి ప్రొఫెసర్ దగ్గరికి వెళతారు. ఆయన నవ్వడు, కొట్టిపారేయడు. బడుల్లో తర్కం ఎందుకు చెప్పరని విసుక్కుని, ఉన్నవి మూడే దారులంటాడు: పిల్ల అబద్ధమైనా చెబుతూ ఉండాలి, మతైనా చెడి ఉండాలి, నిజమైనా చెబుతూ ఉండాలి. అబద్ధాలాడే అలవాటు ఆ పిల్లకు లేదు, మతి చెడలేదని చూస్తేనే తెలుస్తోంది. కాబట్టి వేరే సాక్ష్యం దొరికేదాకా ఆమె చెప్పేది నిజమనే అనుకోవాలి. ఈ ప్రొఫెసర్ పేరు కిర్క్ అని ఆ తర్వాతి పుస్తకాల్లో తెలుస్తుంది. నాస్తిక గురువు నేర్పిన తర్కం క్రైస్తవ రచయిత కథలో మంత్రలోకపు తలుపు దగ్గర నిలబడి ఉంది. ఈ పేజీ పాఠం చెప్పిన ప్రతిసారీ నా మనసు నిండిపోతుంది.

అపోహ: లూయిస్ ఏదో భావావేశంలో క్రైస్తవుడయ్యాడు.

వాస్తవం: ఆ మార్పుకు పదిహేనేళ్లు పట్టింది. 1916లో ఒక స్టేషన్ పుస్తకాల దుకాణంలో జార్జ్ మెక్‌డొనాల్డ్ రాసిన 'ఫాంటాస్టెస్' కొన్నాడు. మెక్‌డొనాల్డ్ పాస్టర్ పని వదిలి రచయితైన స్కాట్లండ్ మనిషి. ఆ పుస్తకం తన ఊహకు బాప్తిస్మం ఇచ్చిందని లూయిస్ తర్వాత రాసుకున్నాడు. ఊహకు మాత్రమే! బుద్ధి ఇంకా నాస్తికంగానే ఉండిపోయింది. తాను ప్రేమించినవన్నీ కల్పితాలు, నిజమని నమ్మినవన్నీ రుచీ అర్థం లేనివి అన్న స్థితిలో ఏళ్ల తరబడి నలిగాడు. మొదట దేవుడున్నాడని ఒప్పుకున్నాడు, అదీ ఇష్టం లేకుండా, తన వాదనలే తనను మూలకు నెట్టాక.

1931 సెప్టెంబరు 19 రాత్రి ఆక్స్‌ఫర్డ్‌లోని మోడ్లిన్ కాలేజీ తోటలో, ఆడిసన్స్ వాక్ అనే బాట మీద టోల్కీన్, హ్యూగో డైసన్‌లతో కలిసి నడిచాడు. చనిపోయి తిరిగి లేచే దేవుళ్ల పురాణగాథలు నీ గుండెను కదిలిస్తాయి కదా, అదే కథ సువార్తలో కనిపిస్తే ఎందుకు వెనక్కి తగ్గుతావు అని వాళ్లు అడిగారు. క్రీస్తు కథ కూడా పురాణగాథే, కాకపోతే నిజంగా జరిగిన పురాణగాథ అన్న ఆలోచన ఆ రాత్రి లూయిస్‌లో నాటుకుంది. కొద్దిరోజులకు, అన్న వార్నీ మోటార్‌సైకిల్ సైడ్‌కార్‌లో జంతుప్రదర్శనశాలకు బయల్దేరినప్పుడు నమ్మలేదు, చేరేసరికి నమ్మాడు. 1939లో ఒక వ్యాసంలో తన పక్షం తేల్చి చెప్పాడు: సత్యాన్ని పట్టుకునే ఇంద్రియం బుద్ధి, అర్థాన్ని పట్టుకునే ఇంద్రియం ఊహ. మాట అర్థం కాకపోతే అది నిజమా కాదా అని అడగడానికే వీల్లేదు కదా. అందుకే ఆయనకు రెండూ కావలసి వచ్చాయి.

అపోహ: ఈ కథలన్నీ వేషం మార్చిన ప్రసంగాలు, ఏ పాత్ర ఎవరో పట్టేస్తే చాలు.

వాస్తవం: ఈ అలవాటు మన పిల్లలకు ఎక్కడినుంచి వచ్చిందో నాకు తెలుసు. తెలుగు క్రైస్తవ ఇళ్లలో తరతరాలుగా చదివే 'యాత్రికుని ప్రయాణము' అచ్చమైన అన్యాపదేశం, అంటే ప్రతి పాత్రా ఒక భావానికి గుర్తుగా నిలిచే కథ. అందులో నిరాశ అనే రాక్షసుడు అంటే నిరాశే. అస్లాన్ అలాంటివాడు కాదని 1958లో ఒక పాఠకురాలికి లూయిస్ ఉత్తరం రాశాడు. నార్నియా లాంటి లోకం నిజంగా ఉండి, దాన్ని కాపాడటానికి క్రీస్తు అక్కడ దేహం ధరించవలసి వస్తే ఎలా ఉంటుంది? కథ ఆ ప్రశ్నకు జవాబు. అసలు ఆ కథ సిద్ధాంతంతో మొదలే కాలేదు. మంచు కురిసిన అడవిలో గొడుగు పట్టుకుని, పొట్లాలు మోసుకుపోతున్న మేకకాళ్ల మనిషి. ఈ బొమ్మ పదహారో ఏట నుంచి లూయిస్ తలలో ఉంది. నలభయ్యో ఏట దాన్ని కథ చేద్దామనుకున్నాడు. సింహం ఆ తర్వాతే వచ్చింది.

టోల్కీన్‌కైతే అన్యాపదేశం అంటేనే గిట్టదు, ఆ మాట 'లార్డ్ ఆఫ్ ది రింగ్స్' ముందుమాటలోనే రాశాడు. అయినా 1953లో రాబర్ట్ మర్రే అనే జెస్యూట్ మిత్రుడికి రాసిన ఉత్తరంలో 'లార్డ్ ఆఫ్ ది రింగ్స్' మౌలికంగా మతపరమైన, క్యాథలిక్ రచన అన్నాడు. మొదట తెలియకుండా, తిరగరాసేటప్పుడు తెలిసే అలా రాశానన్నాడు. మరి ఆ కథలో గుడి లేదు, పూజారి లేడు. విశ్వాసం ఎక్కడుంది? దుష్టశక్తి నిండిన ఉంగరాన్ని నాశనం చేయడానికి బయల్దేరిన ఫ్రోడో చివర్లో ఓడిపోతాడు, అక్కడుంది. అగ్నిపర్వతం అంచున నిలబడి ఉంగరాన్ని విసరలేక, ఇది నాదంటాడు. ఒకప్పుడు ఆ ఉంగరం తన దగ్గరున్న గొల్లమ్ అతని వేలు కొరికి ఉంగరం లాక్కుని, ఆ సంబరంలో కాలుజారి మంటల్లో పడిపోతాడు. ఆ గొల్లమ్ అక్కడిదాకా బతికున్నాడంటే, ఏళ్ల కిందట ఫ్రోడో బంధువు బిల్బో జాలిపడి కత్తి దించాడు కాబట్టి; తర్వాత ఫ్రోడో కూడా జాలిపడ్డాడు కాబట్టి. మనిషి బలం అయిపోయిన చోట, ఎప్పుడో చూపిన కనికరం పని పూర్తిచేసింది. ఆ సన్నివేశంలో కృప అన్న మాటను టోల్కీన్ ఎవరి నోటా పలికించలేదు. ఉంగరం నాశనమైన తేదీ మాత్రం మార్చి 25. క్యాథలిక్ పంచాంగంలో అది మరియమ్మకు దేవదూత శుభవార్త చెప్పిన పండుగ.

అపోహ: 1948లో వాదనలో ఓడిపోయాక లూయిస్ తర్కం మానేసి పిల్లల కథల్లో దాక్కున్నాడు.

వాస్తవం: ఓటమి మాట కొంత నిజమే. ఫిబ్రవరి 2న, క్రైస్తవ విశ్వాసం మీద వాదనలు జరిపే ఆక్స్‌ఫర్డ్ సొక్రటిక్ క్లబ్‌లో ఎలిజబెత్ ఆన్స్‌కమ్ అనే యువ తత్వవేత్త లూయిస్ రాసిన 'మిరకిల్స్' పుస్తకం మూడో అధ్యాయంలో లోపాలు చూపించింది. ఆమె కూడా క్రైస్తవురాలే, క్యాథలిక్. కానీ లూయిస్ ఆ క్లబ్ అధ్యక్షుడిగా 1954 దాకా కొనసాగాడు, 1960లో ఆ అధ్యాయాన్ని తిరగరాశాడు. ఆ తిరగరాతలో నిజాయితీ ఉందని ఆన్స్‌కమే తర్వాత మెచ్చుకుంది. పైగా కల్పిత లోకాల కథలు ఆయన 1938 నుంచే అచ్చు వేస్తున్నాడు.

అపోహ: కథలో మంత్రం ఉందంటే అది బైబిల్‌కు వ్యతిరేకం.

వాస్తవం: హ్యారీ పాటర్ చివరి పుస్తకంలో హ్యారీ తల్లిదండ్రుల సమాధి మీద చెక్కి ఉన్నది 1 కొరింథీయులకు 15:26, మరణమే చివరి శత్రువు అన్న వచనం. ముందు పుస్తకం చదవమని తల్లిదండ్రులకు చెబుతాను.

అపోహ: వాదనకు జవాబు లేనప్పుడు ఈ రచయితలు విశ్వాసం పేరుతో కళ్లు మూసుకుంటారు.

వాస్తవం: దీనికోసం నార్నియా కథల్లో ఒకటైన 'ది సిల్వర్ చైర్' పన్నెండో అధ్యాయం క్లాసులో బిగ్గరగా చదివిస్తాను. పాతాళంలో మంత్రగత్తె, నార్నియా నుంచి వచ్చినవాళ్ల ముందు, నిప్పులో పచ్చటి పొడి చల్లుతుంది. తియ్యటి మత్తు వాసన. తంత్రీవాద్యం ఒకే శ్రుతిలో మోగుతూ ఉంటుంది. సూర్యుడు లేడు, దీపాన్ని చూసి మీరు పెద్దదిగా ఊహించుకున్నారు. సింహం లేదు, పిల్లిని చూసి కల్పించుకున్నారు అంటుంది. అందరూ తలలూపుతారు. అప్పుడు వాళ్లలో ఒకడైన పడిల్‌గ్లమ్ ఉత్తకాలితో నిప్పును తొక్కుతాడు. కాలిన వాసనకు మత్తు విరిగిపోతుంది, నొప్పికి అతని తల తేటపడుతుంది. మేం కల్పించుకున్న లోకమే మీ నిజం లోకం కంటే గొప్పగా ఉంది, నేను దాని పక్షానే ఉంటానని ఆ తర్వాత అంటాడు. దేవుడనే భావం నుంచే దేవుని ఉనికిని చూపే ఆన్సెల్మ్, డెకార్ట్‌ల వాదనను పిల్లలకు తగ్గట్టు చెప్పానని లూయిస్ 1963లో ఒక ఉత్తరంలో రాశాడు.

మొన్న ఒక అమ్మాయి అడిగింది: "సార్, అతను ఆమె వాదనను ఖండించనే లేదు కదా?" నిజమే, ఖండించలేదు. పేజీ వెనక్కి తిప్పి వరస చూడమన్నాను. చూసి, కాసేపటికి తనే చెప్పింది: "ముందు పొగ ఆర్పాడు సార్. మాట తర్వాత మాట్లాడాడు."