కొడుతుంటే ఎందుకు పడి ఉంటుంది?

గృహహింస వార్త వచ్చిన ప్రతిసారీ ఎవరో ఒకరు అడిగే ప్రశ్నే ఇది. డబ్బు, పిల్లలు, పుట్టింటివాళ్ల "సర్దుకుపో అమ్మా" అందరికీ తెలిసిన కారణాలే. మెదడు సంగతే చాలామందికి తప్పుగా తెలుసు.

1967లో అమెరికా మనస్తత్వవేత్తలు సెలిగ్‌మన్, మేయర్ రెండు గుంపుల కుక్కలకు ఒకే మోతాదులో కరెంటు షాక్ ఇచ్చారు. మొదటి గుంపు తలతో పలకను నొక్కితే షాక్ ఆగుతుంది. రెండో గుంపు ఏం చేసినా ఆగదు. మర్నాడు వాటిని చిన్న అడ్డుగోడ ఉన్న పెట్టెలో వదిలారు. దూకితే చాలు, తప్పించుకోవచ్చు. మొదటివి దూకాయి. రెండోవాటిలో చాలామటుకు మూలుగుతూ పడుకున్నాయి. పడ్డ నొప్పి మాత్రం రెండిటికీ సమానమే! నిస్సహాయతను నేర్చుకున్నాయని అప్పట్లో తేల్చారు. చాలాచోట్ల పాఠం ఇక్కడితో ఆపేస్తారు.

2016లో ఆ ఇద్దరే తమ సిద్ధాంతాన్ని తిరగేశారు. తప్పించుకోలేని దెబ్బ తగులుతూ ఉంటే మెదడు కాండంలోని డార్సల్ రాఫే కేంద్రకం అనే చిన్న కణాల గుంపు సెరటోనిన్ అనే రసాయనాన్ని కుమ్మరిస్తుంది. భయం పెరిగి, పారిపోయే ప్రయత్నం అణగిపోతుంది. ఇది పుట్టుకతో వచ్చిన స్పందన. నేర్చుకోవలసింది అదుపు. తను చేసిన పనివల్లే దెబ్బ ఆగిందని మెదడు ముందుభాగమైన మీడియల్ ప్రీఫ్రంటల్ కార్టెక్స్ పసిగడితే, అది రాఫేకి బ్రేకు వేస్తుంది. ఈ కార్టెక్స్ ఉండేది నుదుటి వెనకే. నుదుటి రాత అనేవాళ్లు గమనించాలి.

హింస ఉన్న ఇంట్లో ఆ బ్రేకు పడే అవకాశమే ఉండదు. నిన్న మెచ్చుకున్న కూరకే ఇవాళ చెంపదెబ్బ. ఏం చేస్తే ఆగుతుందో తెలియదు. అందుకే కొట్టని రోజుల్లోనూ నిద్ర పట్టదు, గేటు చప్పుడుకే గుండె దడ.

అయితే మనిషి కుక్క కాదు. ఊరుకోవడం చాలాసార్లు లెక్క వేసుకున్న నిర్ణయమే. విడిపోయే సమయంలోనే ప్రాణాపాయం ఎక్కువ.

పడుకున్న కుక్కలు మంచిమాటలకు, తిండి ఆశకు లేవలేదు. తాడు పట్టి పదే పదే అటు లాగితేనే, దూకితే షాక్ ఆగుతుందని తెలిసింది. మనిషిని లాగకూడదు. అన్నగారు ఆవేశపడి ఆమెను అడక్కుండా కేసు పెట్టేస్తే అదుపు మళ్లీ ఇంకొకరి చేతికే పోతుంది. ఆమె ఎంచుకున్న, ఫలితం వెంటనే కనిపించే చిన్న పనులు కావాలి: ఆధార్, పాసుబుక్కు, ఆసుపత్రి కాగితాల నకళ్లు నమ్మకమైనవాళ్ల దగ్గర పెట్టడం, అతనికి తెలియని పిన్‌తో సొంత ఖాతా, పక్కింటావిడతో ఒక గుర్తుమాట. 2005 గృహహింస చట్టం కింద తిట్లూ, డబ్బు ఇవ్వకపోవడమూ హింసే. ఇల్లు తన పేర లేకపోయినా అందులో ఉండే హక్కు ఆమెకుంది. ఈ చట్టం కింద ఉండే రక్షణ అధికారి ద్వారా మేజిస్ట్రేటుకు అర్జీ పెడితే మామూలుగా 3 రోజుల్లోపే మొదటి విచారణ పెట్టాలి. ప్రాణం మీదికొస్తే 112, సలహాకు 181. మాట్లాడాక ఆ నంబరును కాల్ జాబితాలోంచి చెరిపెయ్యాలి.