దాళ్వా కోత దాకా కెమెరా నిలబడాలంటే

గోదావరి డెల్టాకు కెమెరా కొత్త కాదు. కోనసీమ కొబ్బరితోటల్లో తీసిన సినిమా పాటలకు లెక్కలేదు. వార్తల కెమెరా మాత్రం ఎక్కువగా 1996 నవంబరు తుపాను, 2014లో నగరం అనే ఊళ్లో జరిగిన గ్యాస్ పైపులైను పేలుడు లాంటివాటికే వస్తుంది. మామూలు రోజుల్ని ఓపిగ్గా చూసే పరిశీలనాత్మక డాక్యుమెంటరీ ఇక్కడ బతుకుతెరువు కాలేకపోయింది. కారణం పరికరాలు కాదు, కాలం.

1948లో ఏర్పడిన కేంద్ర ప్రభుత్వ సంస్థ ఫిల్మ్స్ డివిజన్ డాక్యుమెంటరీలను హాళ్లలో ఆటకు ముందు తప్పనిసరిగా వేసేవారు. చాలావాటిని వ్యాఖ్యానమే నడిపేది. 1960 ప్రాంతంలో అమెరికా, ఫ్రాన్స్‌లలో భుజాన మోసే 16 ఎంఎం కెమెరా, దానికి జతగా శబ్దం పట్టే నాగ్రా టేపు రికార్డరు అందుకుని, జరిగేదాన్ని జరిగినట్టే పట్టే పద్ధతి మొదలైంది. కానీ 400 అడుగుల రీలు 11 నిమిషాలకే అయిపోయేది. 1995లో మినీ డీవీ వచ్చాక చవకైన టేపు గంటసేపు తిరిగింది. రీలు ఖర్చు తగ్గింది, ఊళ్లో నెలల తరబడి ఉండే ఖర్చు అలాగే మిగిలింది.

రొయ్యల చెరువునే తీసుకోండి. ఒక పంటకు దాదాపు నాలుగు నెలలు. నీటిలో ఆక్సిజన్ బాగా పడిపోయేది తెల్లవారుజామున. రైతు అప్పు మునిగేదీ తేలేదీ ఆ గంటల్లోనే. మూడింటికల్లా గట్టు మీద లేకపోతే ఆ ఘట్టం దొరకదు. నీటికి గాలి పట్టించే ఏరేటర్ల హోరులో కెమెరా మైకు పనికిరాదు. కాలరు మైకును కండువా రాసుకోకుండా చొక్కా లోపల టేపుతో అతికించాలి. వట్టి హోరును కూడా ఒక నిమిషం విడిగా రికార్డు చేయాలి, లేకుంటే ఎడిటింగులో అతుకు పడిన ప్రతిచోటా శబ్దం తెగినట్టు వినిపిస్తుంది. ఏసీ గదిలోంచి నేరుగా తెచ్చిన లెన్సుకు ఆవిరి పడుతుంది. అరగంట ముందే మూసిన సంచీతో బయట పెట్టాలి. సెకనుకు 100 మెగాబిట్ల 4కె అయితే గంటకు 45 జీబీ. వంద గంటలకు 4.5 టీబీ, కాపీతో కలిపి తొమ్మిది.

2011లో కోనసీమ రైతులు సాగు చేయబోమంటూ పంట విరామం ప్రకటించారు. బీడు పొలం ఒక్కరోజు వార్త. ఆ నిర్ణయం దాకా నడిపిన కూలి ఖర్చు, అమ్ముడుపోని ధాన్యం కనిపించాలంటే అంతకుముందు రెండు మూడు పంటలైనా అక్కడే తిరిగి ఉండాలి.

2000లో ఢిల్లీలో ఏర్పడిన పీఎస్‌బీటీ (పబ్లిక్ సర్వీస్ బ్రాడ్‌కాస్టింగ్ ట్రస్ట్) స్వతంత్ర దర్శకులకు కొంత ఆసరా ఇచ్చింది. 2022లో ఫిల్మ్స్ డివిజన్ జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థ ఎన్‌ఎఫ్‌డీసీలో కలిసిపోయింది. ఈ ఊళ్లలో కెమెరా పట్టినవాడికి నికరంగా డబ్బొచ్చేది పెళ్లి వీడియోలతోనే. శ్రావణ ముహూర్తాలు సార్వా (వానాకాలపు వరి) నాట్ల మీద పడతాయి, వైశాఖం ముహూర్తాలు దాళ్వా (రెండో పంట వరి) కోతల మీద.